పావుకిలో క్వాకర్‌వాడ్జర్

ఇంగ్లండులో, ష్రాప్‌షైర్‌లోని ఓ చిన్న ఊళ్ళో చీజ్ కొట్టు నడిపే హెడ్లీ పిల్బీమ్ గురువారం పొద్దున్నే ఒక పథకం వేసుకున్నాడు. సాయంత్రం పబ్బులో మాటల ఆట ఉంది. నిఘంటువులో ఎవరూ ముట్టుకోని మాటొకటి తీస్తారు. జట్టులోని ముగ్గురూ దానికి మూడు అర్థాలు చెబుతారు. ఒకటే నిజం, అదేదో ఎదుటి జట్టు కనిపెట్టాలి. హెడ్లీకి అబద్ధం చెప్పబోతే నవ్వొచ్చేస్తుంది. ఏడాదిగా అతని వల్ల జట్టుకి నష్టమే.

"కొట్టుకొచ్చేవాళ్ళ మీద ప్రాక్టీస్ చెయ్యి. పెట్టుబడి లేని పని," అంది భార్య బెరిల్. ఆమెదీ అదే జట్టు.

మొదట పోస్ట్‌మన్ దొరికాడు. "క్వాకర్‌వాడ్జర్ అంటే వేల్స్ వైపు చేసే గట్టి చీజ్," అన్నాడు హెడ్లీ, బిగించిన ముఖంతో. పోస్ట్‌మన్ పావుకిలో ఇమ్మన్నాడు.

"అది చీజ్ కాదయ్యా, తాడు లాగితే ఆడే కొయ్యబొమ్మ!" అని హెడ్లీ పకపకా నవ్వాడు. పోస్ట్‌మన్ నవ్వలేదు. ఉత్తరాలతోపాటు ఆ సంగతినీ ఇంటింటికీ పంచాడు.

కాసేపటికి మిసెస్ ఫ్రేన్ వచ్చింది. కూతురి పెళ్ళిలో కేకు బదులు చీజ్ చక్రాలు అంతస్తులుగా పేర్చాలని ఆమె కోరిక. ఆ ఆర్డర్ దొరికితే కొట్టుకి చలికాలం గట్టెక్కుతుంది.

"ఇది ఎన్నాళ్ళు మాగింది?"

"రెండేళ్ళండీ."

"ముఖం బాగానే బిగించారే."

"నిజమండీ!"

"పోస్ట్‌మన్‌కీ ఇదే ముఖం చూపించారట. మూడిట్లో ఇది ఎన్నోది, మిస్టర్ పిల్బీమ్?" అంటూ ఆమె సంచీ తీసుకుని వెళ్ళిపోయింది.

మధ్యాహ్నానికి మేకపాల చీజ్ మేకదేనా అని జనం ఆరా తీయసాగారు. ఒకాయన సొంత కాటాతో వచ్చాడు. బెరిల్ పరుగున మిసెస్ ఫ్రేన్ ఇంటికెళ్ళి, "మా ఆయనకి అబద్ధమాడటం చేతకాదండీ," అని మొరపెట్టుకుంది. ఆమె టీ ఇచ్చి, బిస్కెట్ పెట్టి, "నువ్వూ ఆ జట్టే కదమ్మా," అంది.

సాయంత్రం ఎదుటి జట్టు నాయకురాలు ఆ మిసెస్ ఫ్రేనే. మాట 'గ్రోక్'. కొందరు గ్రోక్ అన్నారు, కొందరు గ్రో-ఆక్ అన్నారు. ఎలా పలకాలో ఎవరికీ తెలియదు కనక అందరూ మర్యాదగా తలూపారు. బూటులో దూరిన రాయి అంది బెరిల్. గొర్రెలకొచ్చే దగ్గు అన్నాడు హెడ్లీ జట్టులో మూడోవాడు, మందుల షాపు ఆయన. హెడ్లీ లేచాడు. ఆట పోయినా ఫరవాలేదు, ఆర్డర్ మిగలాలి.

"వినండి. వీళ్ళిద్దరివీ అబద్ధాలు. పక్కవాడు తింటుంటే, తనకీ పెడతాడేమోనని గుడ్లప్పగించి చూడటమే గ్రోక్. నాదే నిజం. ఇక ఈ ఆట నాకొద్దు."

బెరిల్ తల పట్టుకుంది. మిసెస్ ఫ్రేన్ కళ్ళు చిట్లించింది. "ఇది కొత్త ఎత్తు. మాకు గొర్రెల దగ్గే ఖాయం."

ఆ దగ్గుతోనే ఓడిపోయింది. నిఘంటువు లాక్కుని రెండుసార్లు చదువుకుని, హెడ్లీ బల్ల దగ్గరికొచ్చింది.

"అయితే ఆ చీజ్..."

"రెండేళ్ళదేనండీ."

"క్షమించండి. ఇక మీ మాటంటే మాటే. ఆర్డర్ మీకే. రేటు చెప్పండి."

హెడ్లీ మామూలు రేటు మీద ఇంకాస్త వేసి చెప్పాడు. ఆమె నమ్మింది.