సమాధికి జవాబు

ఆ రోజు ప్యో మన్‌సిక్ పెట్టుకున్న పని చిన్నదే. పట్నం వెళ్లి కోర్టు తీర్పు వినడం, మధ్యాహ్నం బస్సుకు తిరిగొచ్చి మిరపతోటలో కలుపు తీయడం.

రహదారి కోసమని జిల్లా ఆఫీసు అతని కొండవాలు తీసుకుంది. నేలకైతే పరిహారం ఇచ్చింది. ఆ వాలులో ఉన్న తల్లి సమాధిని తరలించడానికి ఎంత ఇస్తారో మాత్రం తేల్చలేదు. అడిగినప్పుడల్లా "పరిశీలనలో ఉంది" అనేవారు. కాళ్లరిగేలా తిరిగి, విసిగి, కోర్టుకెక్కాడు. ఆ తరలింపు సొమ్ముతో తండ్రి పక్కన స్థలం కొని తల్లిని అక్కడ పడుకోబెట్టాలని అతని కోరిక.

"గెలిచాం పెద్దాయనా! జవాబివ్వకుండా కూర్చోవడం చట్టవిరుద్ధం అంది కోర్టు. ఇక వాళ్లు ఏదో ఒక జవాబు చెప్పి తీరాలి. అంతవరకే సుమా! ఇంత ఇమ్మని చెప్పలేదు" అంది లాయరు సొక్. ఆ చివరి ముక్క రెండుసార్లు చెప్పింది కూడా. మన్‌సిక్ చెవికెక్కింది మొదటి మాట ఒక్కటే. బస్సులోంచే భార్యకు ఫోను చేశాడు.

"ఏమే, గెలిచాం!"

అతను బస్సు దిగేసరికి ఊరి మొదట్లో బ్యానరు వేలాడుతోంది. 'కోర్టులో గెలిచిన ప్యో మన్‌సిక్‌కు అభినందనలు. ఇట్లు, యువజన సంఘం.' ఆ సంఘంలో అందరికంటే కుర్రవాడికి అరవై దాటాయి. బియ్యపు కల్లు గిన్నెల్లోకి ఒంపుతూ గ్రామపెద్ద తొందరపెట్టాడు.

"ఇంకా ఏం చూస్తున్నావురా? అధికమాసం రేపటితో సరి. ఈ నెలలో దేవుళ్లు ఇటు చూడరు, సమాధి కదిపినా కీడు అంటదు. మళ్లీ ఇలాంటి నెల ఎన్నేళ్లకొస్తుందో!"

"డబ్బింకా చేతికి రాలేదు కదన్నా..."

"గెలిచినవాడికి రాక ఎక్కడికి పోతుంది?"

లాయరమ్మ చెప్పిన చివరి ముక్క అప్పుడు గుర్తొచ్చినా, అంతమంది ముందు దాన్ని కల్లుతోపాటే మింగేశాడు మన్‌సిక్.

మర్నాడు పొద్దున్నే సమాధి తవ్వారు. ఎముకల్ని కాగితంలో పొదివి, చెక్కపెట్టెలో పెట్టి, తండ్రి ఉన్న శ్మశానం యజమాని దగ్గరికి తీసుకెళ్లారు. అతను అప్పటికే బ్యానరు చూసి ఉన్నాడు.

"కొంచెం ఇప్పుడు, మిగతాది తర్వాత అన్న మాట నిన్నటిదండీ. కోర్టులో గెలిచినవాళ్లకి అప్పేమిటి? మొత్తం ఇచ్చాకే గొయ్యి."

ఎంత బతిమాలినా వినలేదు. ఎముకలు ఇంట్లోకి తేవడం కీడని భార్య గుమ్మానికి అడ్డంగా నిలబడింది. చేసేది లేక మన్‌సిక్ తల్లిని మిరపకాయలు ఎండబెట్టే కొట్టంలో ఉంచాడు. ఆ ఘాటుకు తుమ్ములొచ్చాయి, తుమ్ములతోపాటే ఏడుపూ వచ్చింది.

సరిగ్గా అప్పుడే ఆఫీసు నుంచి బాంగ్ అనే ఉద్యోగి వచ్చాడు. ఇన్నేళ్లలో ఇటు తొంగి చూడనివాణ్ని కోర్టు తీర్పు పరిగెత్తించింది. వాలెక్కి, ఖాళీ గొయ్యిని నాలుగు వైపుల నుంచీ ఫొటోలు తీసుకుని ఇంటికి దిగొచ్చాడు.

"సమాధి ఏది పెద్దాయనా?"

"పొద్దున్నే తీసేశామయ్యా! అధికమాసం దాటిపోదూ మరి?" అంది భార్య గర్వంగా.

వారం తిరక్కుండా జవాబొచ్చింది. స్థలంలో సమాధి లేదు గనక పరిహారం ఇవ్వనక్కర్లేదని నిర్ణయించారట. మన్‌సిక్ ఆఫీసుకు పరిగెత్తాడు.

"మా అమ్మ ముప్పై ఏళ్లు అక్కడే ఉందయ్యా! మీకు కనిపించలేదా?"

"అప్పుడుంది. మేం నిర్ణయించిన రోజున లేదు కదా."

"అప్పుడే నిర్ణయించొచ్చుగా?"

"అందుకే కదా మీరు కేసు గెలిచారు!" అన్నాడు బాంగ్, ఎంతో మర్యాదగా వంగి నమస్కరిస్తూ.

లాయరు సొక్ ఆ జవాబు చదివి కళ్లజోడు తీసింది. "ఇంతకుముందు జవాబివ్వలేదని దావా వేశాం. ఇప్పుడు ఇచ్చిన జవాబు తప్పని వేయాలి. వేరే కేసు, మళ్లీ మొదటి నుంచీ."

"అందాకా మా అమ్మ?"

ఆమె కాగితాలు అతని ముందుకు జరిపింది. ఎవర్ని తిట్టాలో మన్‌సిక్‌కు తెలియలేదు. చివరికి కొత్త కేసుకు సంతకం పెట్టాడు.

ఆఫీసు మాత్రం, చట్టప్రకారం, ఇక అతనికి ఏ జవాబూ బాకీ లేదు.