ఎండాకు కడితే ఆగాలి

ఒక పెద్ద అడవిలో ఒక ఏరు ఉండేది. పెద్ద అడవంటే మామూలు పెద్దది కాదు. ఈ కొసన తుమ్మితే ఆ కొసన మూడోనాటికి "చిరంజీవ" అనేవారు. వానాకాలం ఆ ఏరు ఎంత పొంగేదంటే, మొసళ్లే భయపడి ఒడ్డుకొచ్చి దణ్ణం పెట్టుకునేవి. అవతలికి వెళ్లాలంటే కొంగల వీపే దిక్కు.

కొంగ ముళ్లపందిని కూడా మోస్తుందా అని నన్నడక్కండి. కిరాయి గిట్టితే కొండనైనా మోస్తుంది.

కిరాయి రేగుపళ్లు. ఎన్ననేది కొంగల మేస్త్రి వీర్రాజు ఇష్టం. పొద్దున పది, మబ్బేస్తే ముప్పై, అవతల ఎవరికో ప్రాణం మీదికొచ్చిందని తెలిస్తే అరవై. ఇదేం అన్యాయమయ్యా అంటే ఒంటికాలి మీద నిలబడి కళ్లు మూసుకునేవాడు.

రేవు పక్కన మద్దిచెట్టు మీద పలుకులయ్య అనే బల్లి ఉండేవాడు. పనీపాటా లేనివాడు కదా, రోజంతా రేవే చూసేవాడు. ఎన్ని కొంగలు వాలాయి, ఎందరు నిలబడ్డారు, ఏ మబ్బుకి ఎంత పెరిగింది, అన్నీ వాడి బుర్రలోనే. ఒకనాడు కింద నిలబడ్డ కుందేలుతో, "ఇవాళ ఎక్కకు. రేపు తగ్గుతుంది" అన్నాడు. తగ్గింది.

అంతే! వారం తిరక్కుండా చెట్టు కింద జాతర. కొమ్మకి పచ్చాకు కడితే ఎక్కమని, ఎండాకు కడితే ఆగమని గుర్తు. జోస్యం చెప్పి పలుకులయ్య "టిక్ టిక్" అనేవాడు. బల్లి పలికితే సత్యం కదా, అందరూ చెంపలేసుకునేవారు. చెప్పేదీ వాడే, అవునని పలికేదీ వాడేనని ఒక్క బుర్రకీ తట్టలేదు.

సంగతి ఏనుగు దొరవారి చెవిన పడింది. ఆ చెవిన పడనిదేముంది, చాటంత చెవి. నచ్చినదల్లా కొనడం దొరవారి అలవాటు. ఎందుకు కొన్నారో మర్చిపోవడం అంతకన్నా పెద్ద అలవాటు. చెట్టుతో సహా బల్లిని కొనేశారు. పలుకులయ్యకి నెమలీకల పరుపు వేయించారు. నలభై తొండల్ని గుమాస్తాలుగా పెట్టారు. బల్లి ఏమన్నా తలాడించడం వాటి ఉద్యోగం. పరుపు వేసిన కొమ్మ మాత్రం చెట్టుకి ఆవలి వైపుంది. అక్కణ్ణుంచి రేవు కనిపించదు.

ఆ ఆషాఢంలోనే ముళ్లపంది నూకాలుకి అవతలి ఒడ్డు నుంచి కబురొచ్చింది. కూతురికి తొలికాన్పు, నెలలు నిండాయి. ఆ రోజు కిరాయి నలభై. నూకాలు దగ్గరున్నవీ నలభయ్యే. ఎక్కేస్తే పోయేది. కానీ అడక్కుండా ఎక్కడం ఆ అడవిలో అప్పటికే మోటు.

"బాబూ పలుకులయ్యా, పిల్ల భయపడుతోంది. ముళ్ల బిడ్డని కనడమంటే మాటలా? ఎక్కనా, ఆగనా?"

"ఆగు అత్తా. తగ్గుతుంది. నూటికి డెబ్బై నాలుగు పాళ్లు ఖాయం. టిక్ టిక్."

"మిగతా ఇరవై ఆరు?"

"అది నీ అదృష్టం."

తొండలు తలలాడించాయి. కొమ్మకి ఎండాకు కట్టారు. నూకాలు కూలబడింది. ఆమెతో పాటు అడవంతా కూలబడింది.

వీర్రాజుకి ఒళ్లు మండింది. "వాడి ఆకు చూసే జనం ఎక్కుతున్నారు. ఇక మనమూ ఆకు చూశాకే కిరాయి చెబుదాం" అన్నాడు. రేవు కనపడని పలుకులయ్యేమో రోజూ ఒక తొండని పంపి కిరాయి కనుక్కునేవాడు.

"ఇవాళ కిరాయెంత?" అనేది తొండ.

"ఇవాళ ఆకేది?" అనేవాడు వీర్రాజు.

"కిరాయి చెబితే ఆకు."

"ఆకు కడితే కిరాయి."

ఎండాకు అలాగే వేలాడింది.

పదోనాడు నూకాలు కొంగ కాళ్లు పట్టుకుంది. "నలభయ్యీ తీసుకో నాయనా, దింపెయ్యి. పిల్ల ఏమైందో ఏమో!"

"ఎండాకు ఉండగా ఎక్కించుకుంటే రేపు నువ్వే తగువుకొస్తావు, దోచుకున్నానని. ఆకు మారనీ."

పక్కనున్న కుందేలు నూకాలు చెయ్యి పట్టి లాగింది. "పది రోజులు ఆగి ఇప్పుడెక్కుతావా అత్తా? ఆగిందంతా దండగ కాదూ!"

అదీ నిజమే అనిపించింది ఖర్మ. నూకాలు మళ్లీ కూర్చుంది.

వానలు వెళ్లిపోయాయి. కార్తీకం పోయింది, చలి పోయింది. చూసినవాళ్లందరి కళ్లూ ఆకు మీదే, ఏటి వైపు చూసినవాడు లేడు. మాఘం చివర ఒక పీత తాపీగా అవతలి ఒడ్డు నుంచి నడిచొచ్చి, "ఏమర్రా, ఇంతమంది ఇక్కడెందుకు కూర్చున్నారు?" అంది.

ఏట్లో చుక్క నీరు లేదు. ఇసక!

అందరూ నడిచి దాటారు. పలుకులయ్య పరుపు మీంచి మెడ సాచి, "తగ్గుతుందన్నానా లేదా? ఊరికే దాటారా లేదా? టిక్ టిక్!" అన్నాడు. తొండలు తలలాడించాయి. దొరవారు అటుగా వచ్చి, "ఈ చెట్టు మనదా? ఎందుకూ?" అని అడిగి, ఎవరూ చెప్పకపోయేసరికి వీపు గోక్కోవడానికి పడగొట్టించారు. తొండలు దానికీ తలలాడించాయి.

నూకాలు కూతురి గుమ్మంలోకి వెళ్లేసరికి ముగ్గురు పిల్లలు, ఒక్కొక్కటీ అమ్మమ్మ కన్నా ఎత్తు.

"పురిటికి రమ్మంటే పిల్లల పెళ్లికొచ్చావా అమ్మా?" అంది కూతురు. "నొప్పులప్పుడు నిన్నే పిలిచాను."

నూకాలు మూట విప్పింది. రేగుపళ్లు ఎండి వడియాలైపోయాయి. "నలభయ్యీ మిగిల్చానే తల్లీ" అంది.

కూతురు ఆ మూట ముట్టుకోలేదు.

నీతి: ఆగేవాళ్లున్నంత కాలం ఏ జోస్యమూ తప్పదు.