త్రాసు పళ్లెంలో మిగిలినది

మర్నాడు తెల్లవారితే జింకల వేట మొదలు. ఈరోజు పొద్దున్నే నేలమాళిగలో కూర్చుని తూటాలు చేసుకోవాలి, మధ్యాహ్నం ఓ కునుకు తీయాలి. లెనార్డ్ కుబిచెక్ వేసుకున్న పథకం ఇంతే. నెబ్రాస్కాలో బుద్ధున్న వాళ్లందరూ తూటాలు కొట్లో కొనుక్కుంటారు. లెనార్డ్ మాత్రం కాల్చేసిన ఖాళీ తొడుగులు ఏరుకొచ్చి, తోమి, తుపాకీమందు తూచి పోసి, గుండు బిగించి సొంతంగా చేసుకుంటాడు. చేసుకుని ఊరుకుంటే గొడవే లేదు. పోయినేడు ఓ పెళ్లి విందులో బీరు ఎక్కువై, బామ్మర్ది మైలోతో నలుగురూ వినేలా, "నా తుపాకీలో కొన్న తూటా పడిన రోజున ఆ తుపాకీ నీదే పో" అనేశాడు. అది లెనార్డ్ వాళ్ల తాత తుపాకీ.

తూటాలన్నీ పెట్టెలో సర్ది, పైకెళ్లి వరండాలో పక్కింటాయనతో కాఫీ తాగి వచ్చేసరికి, త్రాసు పళ్లెంలో చిటికెడు నల్లటి రవ్వ కనిపించింది. మందు మిగిలిందంటే ఏదో ఒక తూటాలో పడలేదన్నమాట. అలాంటి తూటా కాలిస్తే గుండు గొట్టంలోనే ఇరుక్కుంటుంది. దాని వెనకాల ఇంకోటి కాలిస్తే తాత తుపాకీ, మనవడి మొహం రెండూ దక్కవు. లెనార్డ్ పొదుపరి కదా, ముందు పళ్లెంలోది డబ్బాలోకి వంపేశాడు. ఆపైన ఒక్కో తూటానూ సుత్తిలాంటి పనిముట్టులో బిగించి, నేలకేసి కొట్టి, గుండు ఊడదీసి, మందంతా అదే డబ్బాలో పోయసాగాడు.

పైన వంటింట్లో ఆ చప్పుడు విని భార్య డార్లీన్ పొంగిపోయింది. నేలమాళిగలోకి దిగే విరిగిన మెట్టు బాగుచేయమని ఆవిడ ఏళ్ల తరబడి పోరుతోంది. మొగుడికి ఇన్నాళ్లకు జ్ఞానోదయమైందని తమ్ముడికి ఫోను చేసి చెప్పింది. ఆ వింత చూడ్డానికి మైలో ట్రక్కేసుకుని వచ్చేశాడు.

ఆఖరి తూటా విప్పాక తేలిందేమిటంటే, అన్నింటిలోనూ మందు నిక్షేపంగా ఉంది. మరి పళ్లెంలోది ఎక్కడిది? లెనార్డ్ బుర్ర గోక్కుంటూ ఉండగా అక్కాతమ్ముళ్లిద్దరూ విరిగిన మెట్టును దాటుకుంటూ దిగారు.

"ఇక్కడ తూచిపెట్టిన నా గసగసాలేవి?" అంది డార్లీన్. "బన్నుల్లోకని ఆఖరి వాయి తూస్తుంటే పాలు పొంగుతున్నాయని పైకి పరిగెత్తాను."

"నీ గసగసాలకి నా త్రాసెందుకే?"

"నాది పాడైంది. నీది వెంట్రుకను కూడా తూస్తుందని రోజూ డప్పు కొట్టేది నువ్వేగా."

లెనార్డ్ డబ్బాలోకి చూశాడు. ఆ దేశంలో గసగసాలు నల్లగా ఉంటాయి, అవీ నల్లటి తుపాకీమందూ చక్కగా కలిసిపోయాయి. ఇక అది తూటాకీ పనికిరాదు, బన్నుకీ పనికిరాదు. ఉన్నది ఆ ఒక్క డబ్బాయే. ఈ సీజనులో చుట్టుపక్కల ఏ కొట్లోనూ విడి మందు దొరకదు.

మైలో జేబులోంచి కొత్త తూటాల అట్టపెట్టె తీశాడు. "నీ తుపాకీ కొలతవే బావా. ఆ పెళ్లి మర్నాడే కొనిపెట్టుకున్నా."

లెనార్డ్ పళ్లు నూరుకుంటూ పుచ్చుకున్నాడు.

మర్నాడు పొద్దున అడవిలో అతను ఖాళీ తుపాకీతో కూర్చున్నాడు. మైలో పెట్టె జేబులోనే ఉంది. పొద్దెక్కాక ఓ మగజింక, అంత కొమ్ములున్నదాన్ని లెనార్డ్ ఈ జన్మలో చూడలేదు, ఎదురుగా నిలబడి తీరిగ్గా గడ్డి మేసింది. చెయ్యి జేబులోకి వెళ్లింది, పెట్టెను తడిమింది, తుపాకీ మీద తాత చెక్కుకున్న పేరు చూసి వెనక్కి వచ్చింది. ఏడుపొక్కటే తక్కువ. జింక నెమ్మదిగా మైలో కూర్చున్న వాగు వైపు నడిచింది. కాసేపటికి అటునుంచి తుపాకీ మోగింది.

"నీ ముందు నుంచే వచ్చింది కదా బావా, కాల్చలేదేం?" అన్నాడు మైలో సాయంత్రం.

"చిన్నది, పాపం, పెరగనీ అని వదిలేశా."

ఆ చిన్నదాన్ని ట్రక్కులోకి ఎత్తడానికి ఇద్దరు మనుషులు కావలసి వచ్చింది. రెండోవాడు లెనార్డే.