గురువుగారి మౌనం, అమ్మగారి అర్థం

లోకక్షేమం కోసం గురువుగారు ఏడాది పాటు మౌనం పాటిస్తారని ప్రకటించే భాగ్యం నాకే దక్కింది. ధ్యాన కేంద్రానికి ప్రెస్ సెక్రటరీని కనుక ప్రకటన రాసిందీ నేనే, చదివి కళ్లు తుడుచుకున్నదీ నేనే. ఆయన గొంతులో కురుపు లేచిందనీ, మాట్లాడితే ఆపరేషన్ తప్పదనీ కొందరు గిట్టనివాళ్లు ప్రచారం చేశారు. ఆ కొందరిలో ఆయన డాక్టరు కూడా ఉన్నాడు.

గురువుగారి సైగలకు అర్థం చెప్పడానికి ముఖ్య శిష్యులు పోటీపడ్డారు. మొదటిరోజు ఆయన గొంతు పట్టుకుని చెయ్యి ఊపితే, "అహంకారాన్ని మింగేయమంటున్నారు" అన్నాడొకాయన. "కాదు, కక్కేయమంటున్నారు" అన్నాడు ఇంకొకాయన. ఈలోగా అమ్మగారు వేణ్ణీళ్లు తెచ్చి ఇచ్చారు. గురువుగారు గటగటా తాగారు. పోస్టు అమ్మగారికి ఖాయమైపోయింది.

అమ్మగారంటే గురువుగారి భార్య. సభల్లో ఆయన పక్కన తెల్లబట్టల్లో కూర్చోవడమే ఆవిడ ఉద్యోగం. ఆవిడ మాట్లాడగా అంతవరకు నేను వినలేదు. ఆవిడ అక్క కేంద్రం వెనక వీధిలోనే కుట్టుమిషన్ పెట్టుకుని బతుకుతోంది. చూసి వస్తానంటే, "జగత్తంతా నీ పుట్టిల్లే, ప్రత్యేకంగా వెళ్లడమెందుకు?" అనేవారట గురువుగారు. ఎంత విశాల హృదయం.

ఆ వీధిని పడగొట్టి మహా ధ్యాన మండపం కట్టాలన్నది ఆయన చిరకాల స్వప్నం. ఎన్నికలు దగ్గరపడ్డాయి కనుక పట్టణాభివృద్ధి మంత్రి వచ్చి కాళ్లమీద పడ్డాడు. గురువుగారు కిటికీలోంచి వెనక వీధిని చూపించి, అరచేత్తో ఈ చివర్నుంచి ఆ చివరికి తుడిచేశారు.

"ఏమంటున్నారమ్మా?" అన్నాడు మంత్రి.

గోడ అవతల కుట్టుమిషన్ చప్పుడు వినిపిస్తోంది. అమ్మగారు కాసేపు ఆలోచించారు.

"వీధి మరీ చెత్తగా ఉందట. ఊడిపించి రోడ్డు వేయించమంటున్నారు."

గురువుగారు తల అడ్డంగా ఊపారు.

"రోడ్డొక్కటే చాలదట. డ్రైనేజీ కూడా."

గురువుగారు రెండు చేతులతో జుట్టు పీక్కున్నారు.

"ఇళ్ల పైకప్పులు కూడా కారుతున్నాయట."

"ఈ సూక్ష్మదృష్టి మా ఇంజినీర్లకేదీ?" అన్నాడు మంత్రి గద్గదంగా. పి.ఎ. అన్నీ రాసుకున్నాడు. ఆ పెన్ను ఇలా ఇవ్వమని గురువుగారు చెయ్యి చాపారు.

"రాయడం కూడా మాట్లాడటమేనట. ఈరోజు నుంచి అదీ మానేస్తున్నారట" అన్నారు అమ్మగారు.

ఈ కఠోర దీక్ష గురించి నేను మర్నాడే ప్రకటన ఇచ్చాను.

ఎన్నికల ముందు కదా, రోడ్డు చకచకా పడిపోయింది. దాని మీద మొదట నడిచింది అమ్మగారే. ఫోటో కోసం నేనూ వెంట వెళ్లాను. అక్క మిషన్ ఆపి, చెల్లెల్ని ఎగాదిగా చూసింది.

"ఇన్నాళ్లకు గుర్తొచ్చానటే?"

"ఆయన వెళ్లమన్నది ఇప్పుడే కదక్కా" అన్నారు అమ్మగారు. అక్క పక్కకు జరిగి, తన బల్ల మీదే చెల్లెలికి చోటిచ్చింది. నేను ఫోటో తీయడం మర్చిపోయాను.

రోడ్డు ప్రారంభోత్సవానికి ఇసకేస్తే రాలనంత జనం. గురువుగారి గొంతు బాగుపడినట్టుంది, మంత్రి చేతిలోంచి మైకు లాక్కున్నారు.

"నేను పడగొట్టమన్నాను. రోడ్డు వెయ్యమనలేదు. ఇది నోటికొచ్చినట్టు చెప్పింది."

మైకు మంచిది. ప్రతి అక్షరం ఆ చివరిదాకా వినిపించింది. మంత్రి చేతులు కట్టుకుని అమ్మగారి వైపు తిరిగాడు.

"గురువుగారు ఏమంటున్నారమ్మా?"

అమ్మగారు భర్త ముఖంలోకి తేరిపార చూశారు.

"మౌనం ఇంకో ఏడాది పొడిగిస్తున్నారట."

చప్పట్లతో వీధి దద్దరిల్లింది. గురువుగారు మైకులో ఇంకా ఏదో గట్టిగా చెబుతూనే ఉన్నారు. పత్రికలకు వార్త పంపాలి కదా, నేను పెన్ను తీసి అమ్మగారి దగ్గరికి వెళ్లాను.