మసకాయన ఇంట్లో వెలుతురు

పదింటికి నిర్మాత వస్తాడు, పదిన్నరకల్లా సినిమా ఖాయమవుతుంది, ఆపైన హాయిగా ఓ కునుకు తీయవచ్చు. ఆ ఉదయం ఛాయాగ్రాహకుడి ఆలోచన ఇంతే. పరిశ్రమలో ఆయన్ని మసకాయన అంటారు. ముప్పై ఏళ్లలో ఒక్క ముఖం మీదైనా పూర్తిగా వెలుతురు పడనిచ్చిన పాపాన పోలేదు. ఒక సినిమాలో కథానాయికను కన్నతల్లే పోల్చుకోలేకపోయింది. విమర్శకులు ఆహా అన్నారు గాని, ఏడాదిగా పనిచ్చిన నాథుడు లేడు.

"ఈసారైనా మనుషుల్ని కనపడనివ్వండి. ఇదీ పోతే ఇక పిలిచేవాళ్లుండరు," అంది భార్య.

ఆ మాట ఆయనకు గుండెల్లో గుచ్చుకుంది. వెలుతురు తనకూ చేతనవునని చూపించడానికి హాల్లో నాలుగు పెద్ద షూటింగు లైట్లు నిలబెట్టాడు. తన చెప్పుచేతల్లో లేని ఎండంటే గిట్టదు గనుక కిటికీలన్నిటికీ నల్లగుడ్డలు కట్టాడు. స్విచ్చి వేశాడు. ఫ్యూజు పోయింది. ఇల్లంతా కన్ను పొడుచుకున్నా కానరాని చీకటి. భార్య ఎలక్ట్రీషియన్‌కి ఫోన్ చేసింది.

కాసేపటికి తలుపు దగ్గర అలికిడైంది.

"ఇంతసేపా? మీటరు మెట్ల కింద ఉంది, రండి," అని ఆవిడ వచ్చినవాడి చేతిలో టార్చి పెట్టి తీసుకుపోయింది. వచ్చింది నిర్మాత. అతిథులకు ముందు మీటరు చూపించడం ఈ ఇంటి మర్యాద కాబోలనుకుని ఆయన వెనకే నడిచాడు.

ఆ తర్వాత ఎలక్ట్రీషియన్ వచ్చాడు. మసకాయన అతని చెయ్యి పట్టుకుని తీసుకెళ్లి సోఫాలో కూర్చోబెట్టాడు. కెమెరా పెట్టెలు మోసిన రోజుల నుంచి మొదలుపెట్టి తన చరిత్రంతా ఏకరువు పెట్టాడు.

"మీ భయం నాకు తెలుసండీ. ఇకమీదట నాలుగు పక్కలా వెలుతురే."

"నాలుగెందుకు సార్? ఓ మూలన ఒక్కటి చాలు."

మసకాయన కళ్లు చెమర్చాయి. ముప్పై ఏళ్లకు తనను అర్థం చేసుకున్న నిర్మాత దొరికాడు.

ఇంతలో మెట్ల కింద ఏ తీగకు ఏ తీగ చుట్టుకుందో, నాలుగు లైట్లూ ఒక్కసారిగా వెలిగాయి. తలనిండా బూజుతో ఒకాయన లోపలికి వచ్చాడు.

"మనిషి మంచివాడే, పనే బొత్తిగా రాదు," అంది వెనక నుంచి భార్య.

"నేను నిర్మాతనమ్మా. చెబుదామంటే మీరు స్క్రూడ్రైవరు చేతికిచ్చారు."

నిర్మాత కళ్లకు చెయ్యి అడ్డం పెట్టుకున్నాడు.

"మా హీరోకి అరవై దాటాయి. కాలేజీ కుర్రాడి వేషం. మీరైతే ముఖం కనపడనివ్వరని కదా వెతుక్కుంటూ వచ్చాను. ఇదేంటండీ, గోడ మీద చీమ కూడా కనపడుతోంది."

మసకాయన నుదురు కొట్టుకున్నాడు. ఇన్నాళ్లూ దేనికైతే తిట్లు తిన్నాడో దానికోసమే మనిషి ఇంటికొస్తే, చేతులారా వెలుతురు చూపించాడు. నిర్మాత గుమ్మం వైపు తిరిగాడు.

"నే చెబుతూనే ఉన్నాను సార్, ఒక్కటి చాలని," అంటూ ఎలక్ట్రీషియన్ లేచి మూడు లైట్లు ఆర్పేశాడు. హాలు సగం నీడలో మునిగింది. నిర్మాత ఆగి, చెయ్యి దించి, తృప్తిగా చూశాడు.

"ఇదీ నాక్కావలసింది. ఇంతకీ మీ ఇద్దరిలో కెమెరా ఆయన ఎవరు?"

మర్నాటి నుంచి షూటింగు మొదలైంది. కెమెరా మసకాయన చేతిలోనే ఉంటుంది, స్విచ్చి మాత్రం ఎలక్ట్రీషియన్ ఆయన్ని ముట్టుకోనివ్వడు.