కాశ్మీరుకు రీటేకు

ఆ ఉదయం ఉషశ్రీ వేసుకున్న పథకం బహు సులువైంది. నందిగామలో ఇంటి గేటు దగ్గర కారు కదలాలి, అత్తగారు ప్రమీలారాణి చెయ్యూపాలి. సాయంత్రంలోగా జగ్గయ్యపేట దాటి రాష్ట్ర సరిహద్దు దగ్గర ఇంకో షాట్ తియ్యాలి. తానే కారు నడుపుకుంటూ కాశ్మీరు దాకా సినిమా తీసిన ఆడమనిషి ఆ చుట్టుపక్కల ఇంతవరకూ లేదు. మొదటి భాగం ఆ రాత్రికల్లా అందకపోతే సినిమా ఇంకెవరికో ఇచ్చేస్తామని హైదరాబాదు కంపెనీవాళ్ళు తేల్చేశారు.

కొబ్బరికాయ కొట్టారు. చక్రాల కింద నిమ్మకాయలు చితికాయి. కారు వీధి చివరిదాకా వెళ్ళాక, గేటు ముందు కెమెరా పట్టుకున్న జహనారా నాలిక్కరుచుకుంది.

"అక్కా, రికార్డు బటన్ నొక్కలా! వెనక్కొచ్చెయ్, ఇంకోసారి తీద్దాం."

సినిమావాళ్ళకు అది రీటేకు. ప్రమీలారాణికి అపశకునం.

"బయల్దేరినదానివి వెనక్కొచ్చావ్. కాళ్ళు కడుక్కుని కూర్చో, మంచినీళ్ళు తాగు. మళ్ళీ మొదట్నించీ బయల్దేరాలి."

"అత్తయ్యా, ఇది ఉత్త షాటేనండీ!"

"సినిమాకి షాటేమో. గడపకి ప్రయాణమే."

మళ్ళీ కొబ్బరికాయ, మళ్ళీ నిమ్మకాయలు. ఈసారి గేదె అడ్డొచ్చింది. ఆపై టేకులో ప్రమీలారాణి కెమెరా వంక చూసి పళ్ళికిలించింది. "నవ్వకండి అత్తయ్యా, నేను వెళ్తున్నానని ఏడవాలి" అని ఉషశ్రీ బతిమాలింది. కొబ్బరికాయలు నిండుకున్నాయి గానీ, చివరి టేకులో ఆవిడ వీధి అదిరేలా ఏడ్చింది.

ఎదురింటి వరప్రసాదరావు కాఫీ గ్లాసుతో ఇదంతా చూస్తున్నాడు. కోడలు కారెక్కి పోవడం, అత్త కూర్చోబెట్టి మంచినీళ్ళివ్వడం, కోడలు మళ్ళీ పోవడం. పైగా కొడుకు ఊళ్ళో లేడు. ఇహ ఉండబట్టలేక జగ్గయ్యపేటలోని ఉషశ్రీ తండ్రి దశరథరామయ్యకు ఫోన్ చేశాడు.

"మీ అమ్మాయి అలిగి కారేసుకుని వెళ్ళిపోతోందండీ! కోర్టులో సాక్ష్యానికి కాబోలు, వీడియో కూడా తీయిస్తోంది."

కూతురు ఇన్నాళ్ళూ కాశ్మీరు, కాశ్మీరు అన్నది ఇందుకా అనుకుని ఆ పెద్దాయన చుట్టాలందర్నీ పోగుచేశాడు. జగ్గయ్యపేట మలుపులో బంధువర్గమంతా కారుకు అడ్డం నిలబడింది. తాళాలు తండ్రి జేబులోకి వెళ్ళాయి. పుట్టింటి హాల్లో పంచాయితీ మొదలైంది.

"మీ అత్త కొట్టిందా?"

"లేదు నాన్నా."

"తిట్టిందా?"

"ఏడ్చింది. నేనే ఏడవమన్నా!"

మేనత్తలు బుగ్గలు నొక్కుకున్నారు.

కబురు తెలిసి ప్రమీలారాణి ఆటో కట్టించుకుని వచ్చి, అసలు సంగతి చెప్పి వియ్యంకుణ్ణి నమ్మించేసరికి పొద్దుగూకింది. సరిహద్దు షాట్ పోయింది. అంటే సినిమా కూడా పోయినట్టే. కాశ్మీరు అనుకుంటే ప్రయాణం పుట్టింటి దగ్గరే ఆగిందని ఉషశ్రీకి ఈసారి నిజంగానే ఏడుపొచ్చింది.

అయితే పొద్దుటి పొరపాటుకు బుద్ధొచ్చిన జహనారా, అప్పట్నించీ, ఉషశ్రీ పక్కన కారెక్కాక కూడా, బటన్ ఆపనే లేదు. గేదె నుంచి మేనత్తల దాకా అంతా కెమెరాలో ఉంది. ఇక పోయేదేముందని దాన్నే పంపారు. కాసేపటికి కంపెనీ నుంచి ఫోనొచ్చింది.

"సరిహద్దెవరిక్కావాలండీ! ఇలాంటి ప్రయాణం మేమెక్కడా చూళ్ళేదు. సినిమా మీదే!"

ఆనందంగా అందరూ టీవీ ముందు చేరి అదంతా చూశారు. అంతా అయ్యాక ప్రమీలారాణి లేచి, వియ్యంకుడి దగ్గర తాళాలు అడిగి పుచ్చుకుని, కోడలి చేతిలో పెట్టింది.

"ఉషా, నందిగామ పద."

"వెనక్కెళ్తే అపశకునం కదా అత్తయ్యా?"

"శకునం సంగతి నే చూసుకుంటా. నా ఏడుపు సరిగ్గా రాలా, జుట్టు కూడా చెదిరింది. ఇంకోసారి తీద్దాం."

మర్నాడు పొద్దున్నే గేటు ముందు కొబ్బరికాయల బస్తా దిగింది. కాశ్మీరు ఎక్కడికీ పోలేదు. కారూ అంతే.