జడ్జిగారి తొలి తీర్పు

“ఒరేయ్ కోటీ, నువ్వు ఏదన్నా తీర్పు చెప్తావేమోనని గుండె దడదడలాడుతుందిరా” అన్నది రాఘవమ్మ, కారు నరసరావుపేట పొలిమేరకు రాకముందే.

“ఇయ్యాల ఆదివారమమ్మా. సన్మానం. శాలువా కప్పి దండేస్తారు, అంతే” అన్నారు జస్టిస్ త్రికోటేశ్వరరావుగారు.

“దండలో ఇనప తీగె ఉంటదిరా. తుప్పుదైతే ధనుర్వాతం.”

జడ్జిగారు రెండువైపుల వాదనా విన్నట్టు తల ఊపి కిటికీలోంచి పత్తిచేల వంక చూశారు.

సోమవారం సాయంత్రంతో ఆయన రిటైరవుతున్నారు. ముప్పై అయిదేళ్ళ సర్వీసు. జిల్లా మునసబు నుంచి సబ్‌జడ్జి, అక్కడినుంచి జిల్లా జడ్జి, ఆపైన రాజధానిలో పెద్దకోర్టు. ఇంత దూరం వచ్చిన మనిషి దారిలో ఒక్క తీర్పు కూడా చెప్పలేదు. అటువంటి నిగ్రహం ఎందరికుంటుంది?

ఈ ఘనతలో సగం రాఘవమ్మది. ఆయన కొత్తగా మునసబైన రోజుల్లో, గురజాల వైపు అన్నదమ్ములిద్దరు గట్టు తగాదాతో ఆయన కోర్టుకెక్కారు. సోమవారం తీర్పు. ఆదివారం పట్టపగలు, ఓడిపోతామని ముందే ఊహించుకున్న తమ్ముడి మనుషులొచ్చి నరసరావుపేటలో రాఘవమ్మ దొడ్లోని గడ్డివామి తగలబెట్టారు. గేదె కట్టుతాడు తెంచుకుని సత్తెనపల్లి రోడ్డు పట్టింది. ఆ సాయంత్రమే రాఘవమ్మ కొడుకు చెయ్యి తన నెత్తిన పెట్టుకుని ఒట్టేయించుకుంది.

“తీర్పు చెప్తే ఒకడు ఓడతాడు. ఓడినోడు మన పల్నాడులో ఊరుకుంటాడంట్రా? ఈసారి గడ్డివామితో పోదు. నేనుండగా తీర్పు చెప్పనని ఒట్టెయ్యి.”

వేశారు. అప్పటినుంచి వాదనలు శ్రద్ధగా వినేవారు, ఎర్రసిరాతో నోట్సు రాసుకునేవారు, చివర్లో “తీర్పు రిజర్వు” అనేవారు. గెలిచినట్టేనని వాదీ, గెలిచినట్టేనని ప్రతివాదీ, ఒకే బస్సెక్కి ఊరికి పోయేవారు. పైకోర్టు ఆయన తీర్పు కొట్టేసిందన్న మచ్చ ఫైల్లో ఎక్కడా లేకపోవడంతో ప్రమోషన్లు వాటంతటవే వచ్చాయి.

మంత్రి ఆంజనేయులుగారికి ఆయనంటే ప్రాణం. మంత్రిగారి ఎన్నిక చెల్లదని ఓడినాయన వేసిన పిటిషన్ జడ్జిగారి ముందుకే వచ్చింది. మళ్ళీ ఎన్నికలు వచ్చి, మంత్రిగారు మళ్ళీ గెలిచేదాకా అది రిజర్వులోనే ఉంది. ప్రజల తీర్పుకు అడ్డం రాకపోవడమంటే అదీ.

రాఘవమ్మకు కొత్తగా ఈ దడ పట్టుకోవడానికి కారణం కూడా మంత్రిగారే. పోయిన వారం హైదరాబాదులో బంగళాకి వచ్చి సోఫాలో ముందుకు జరిగి కూర్చున్నారు.

“సార్, న్యాయం ఆలస్యం కాకుండా చూడటానికి కమిషన్ వేస్తున్నాం. ఛైర్మన్ మీరే. కారు, బంగళా, ఇద్దరు జవాన్లు. ఎన్నాళ్ళకి రిపోర్టివ్వాలో గడువు పెట్టలేదు, మీ సంగతి తెలుసు గనక.”

“సంతోషం” అన్నారు జడ్జిగారు.

“ఒక్కటే చిక్కు సార్. ఫైలుకి మీ తీర్పు కాపీ ఒకటి జత చెయ్యాలంట. ఒక్కటే.”

“అయ్యో, ఒక్కటంటే మాత్రం?” అన్నది తలుపు చాటునుంచి రాఘవమ్మ. “ఆ ఒక్కదాంట్లో ఓడినోడు మా అడ్రసు కనుక్కోడా?”

“ఎవరికీ బాధలేనిది ఒకటి చూస్తాలేమ్మా” అన్నారు జడ్జిగారు.

ఆ మాట విన్నప్పటినుంచి ఆమెకు ముద్ద దిగలేదు.

టౌన్‌హాలు ముందు పందిరి వేశారు. ముందు వరసలో రాఘవమ్మ పక్కన వచ్చి కూర్చున్నది జాన్‌బీ. పాత ఇంటి పక్కింటామె, గాజుల మలారం మోసి కొడుకును పెంచిన మనిషి. ఆ కొడుకు జమాల్ మోటారు మెకానిక్కు. వాడు బాగుచేసిన జీపులో ఎవరో పోయి ఇంకెవరినో నరికారు. బ్రేకులు సరిగా పడబట్టే జీపు ఆ ఇంటి ముందు ఆగిందని కింది కోర్టు కనిపెట్టి, జమాల్‌కి కూడా ఏడేళ్ళు వేసింది. జాన్‌బీ గాజులమ్మి పెద్దకోర్టులో అప్పీలు వేయించింది. ఎనభై ఒకటిలో అది త్రికోటేశ్వరరావుగారి ముందుకొచ్చింది. రిజర్వు. పోనీ బెయిలివ్వండయ్యా అన్నాడు జమాల్ వకీలు. అదీ రిజర్వు.

జాన్‌బీ రెండుసార్లు హైదరాబాదు వచ్చి రాఘవమ్మ కాళ్ళ దగ్గర కూర్చుంది. “అక్కా, మీ అబ్బాయితో ఒక్క మాట చెప్పక్కా. అవుననో కాదనో ఏదో ఒకటి చెప్పమను.”

“పిచ్చిదానా, చెప్తే ఉరే పడొచ్చు గదే! చెప్పకపోతే ఏడేళ్ళతో పోతది. నోరుమూసుకుని ఇంటికి పో” అని నిమ్మకాయ పచ్చడి జాడీ చేతిలో పెట్టి పంపింది రాఘవమ్మ. మనసులో మాత్రం ఆ పిల్లాడు ఏదో చేసే ఉంటాడని సర్దుకుంది. చెయ్యనివాణ్ణి అన్నేళ్ళు ఎవరుంచుతారు?

మంత్రిగారు మైకు పట్టుకున్నారు. “ముప్పై అయిదేళ్ళలో ఈ మహానుభావుడి తీర్పు ఒక్కటంటే ఒక్కటి సుప్రీంకోర్టు కొట్టేసిందా? కొట్టెయ్యగలిగిందా?”

చప్పట్లు. దండ పడింది. రాఘవమ్మ తీగె కోసం చూసింది. దారమే.

జడ్జిగారు లేచి గొంతు సవరించుకున్నారు. “మొన్న శుక్రవారం నేనొక తీర్పు చెప్పాను.”

రాఘవమ్మ జాన్‌బీ చెయ్యి గట్టిగా పట్టుకుంది.

“ఈ ఊరి మెకానిక్ జమాల్ అప్పీలు. బ్రేకు వెయ్యటం డ్రైవరు పని, బాగుచెయ్యటం మెకానిక్ పని. కాబట్టి అతను నిర్దోషి. వెంటనే విడుదల చెయ్యాలని ఆర్డరిచ్చాను.”

పందిరి ఎగిరిపోయేలా చప్పట్లు. మంత్రిగారు కళ్ళు తుడుచుకుని, జాన్‌బీని పైకి పిలిపించి మైకు ఆమె నోటిదగ్గర పెట్టారు. “చెప్పమ్మా! కొడుకును తీసుకురావటానికి నా కారే పంపిస్తా. ఏ జైలు?”

“జైలేందయ్యా? ఏడేళ్ళూ అయిపోయినయ్‌గా. బుధవారమే వచ్చాడు” అన్నది జాన్‌బీ. “ఇంట్లో పడుకునున్నాడు. ఇప్పుడీ కాయితంతో విడుదల కావాలంటే మళ్ళా లోపలికి పోవాల్నా?”

మంత్రిగారు తడుముకోలేదు. “విన్నారా! శుక్రవారం తీర్పు, బుధవారమే అమలు! తీర్పుకంటే ముందే అమలైన కోర్టు ఈ దేశంలో ఇంకోటుందా?”

ఈసారి చప్పట్లు ఇంకా ఎక్కువసేపు కొట్టారు. విలేఖరులు ఆ ముక్క రెండుసార్లు చెప్పించుకుని రాసుకున్నారు.

భోజనాలయ్యాక కారు కదలబోతుంటే జాన్‌బీ కిటికీ దగ్గరకొచ్చింది. “అక్కా, మావోడు ఒక్కటే అడిగి రమ్మన్నాడు. వాడేం చెయ్యలేదని అయ్యగారికి ఎప్పుడు తెలిసిందంట?”

“శుక్రవారమే అయ్యుంటదిలేవే. కనుక్కుని ఉత్తరం రాయిస్తా” అన్నది రాఘవమ్మ.

పిడుగురాళ్ళ దాకా ఆగి అడిగింది.

“కోటీ, జాన్‌బీ అడిగింది విన్నావుగా. శుక్రవారమే తెలిసింది గదరా నీకు?”

జడ్జిగారు శాలువా మడత విప్పి మళ్ళీ మడిచారు. గురజాల దాటింది. ఎదురుగా సున్నపురాళ్ళ లారీ ఒకటి మీదమీదకొచ్చి పక్కకు తప్పుకుంది. రాఘవమ్మ అమ్మో అనలేదు. కొడుకు మొహమే చూస్తున్నది.

“నోట్సు రాసుకుంటావు గదా. ఎనభై అయిదులోనా? ఎనభై ఆరులోనా?”

మాచర్లలో డ్రైవరు టీ తాగి, అయ్యగారికీ ఒక గ్లాసు తెచ్చాడు. జడ్జిగారు గ్లాసు పట్టుకున్నారుగాని తాగలేదు. సాగర్ డ్యామ్ మీదికి కారెక్కాక, నీళ్ళ వైపు తిరిగి నోరు విప్పారు.

“మొదటి వాయిదా రోజేనమ్మా.”